తల వెనక చదరం

ఆరో ఏజెంటు పళ్ళ డాక్టరు కుర్చీలో, నోరు బార్లా తెరుచుకుని చచ్చిపోయాడు.

పన్ను పీకించుకోవడానికి వెళ్ళి కాదు. అక్కడ కట్టుడుపళ్ళు చేసేది ఆయనే. మధ్యాహ్నం క్లినిక్కు ఖాళీగా ఉంది కదా అని ఆ కుర్చీలో ఓ కునుకు తీద్దామని వాలాడు. మూడేళ్ళుగా కట్టుడుపళ్ళలో మైక్రోఫిల్ము పెట్టి సరిహద్దు దాటించిన మొనగాడు. ఎంతమంది నోళ్ళలో ఎన్ని రహస్యాలు దాచాడో లెక్కే లేదు గానీ, తన నోరు మూసుకునే టైము మాత్రం దొరకలేదు. మెడ పక్కన చీమ కుట్టినంత సూది గాటు. అంతే.

"ఇది ఆరోది," అన్నాడు బాస్, దగ్గి.

బాస్‌కి జబ్బేం లేదు. రహస్యం చెప్పే ముందు దగ్గడం ఆయన అలవాటు. చిన్న దగ్గయితే కాన్ఫిడెన్షియల్, పెద్ద దగ్గయితే టాప్ సీక్రెట్. ఇవాళ దగ్గిన దగ్గుకి టేబులు మీద ఫైళ్ళు కదిలాయి.

"రెండేళ్ళలో ఆరుగురు. బేకరీవాడు, టైర్లవాడు, రేడియో టవరు వాచ్‌మన్, తాళాలవాడు, పియానోలు శ్రుతి చేసేవాడు, ఇప్పుడు పళ్ళవాడు. అందరూ ఒకే బ్యాచ్. నీ బ్యాచ్."

ఎదురుగా కూర్చున్న ఏజెంటు పేరు ఆఫీసులో ఎవరికీ తెలీదు. పని చిటికెలో చేస్తాడని 'చిటికె' అంటారు. టీ తాగడానికి మాత్రం గంట పడుతుంది, అది వేరే సంగతి. ఆ బ్యాచ్‌లో మొత్తం ఎనిమిది మంది. ఆరుగురు పోగా మిగిలింది ఇద్దరు: చిటికె, అతని చెల్లెలు. ఆ పిల్ల పాత మార్కెట్టు ఏడో వీధిలో కళ్ళజోళ్ళ షాపులో సేల్స్‌గర్ల్ కవర్‌లో ఉంది. అమ్మా నాన్నా పోయాక చిటికెకి లోకంలో ఉన్న ఒకే ఒక్క రక్తసంబంధం.

"అంటే తరవాతది..." చిటికె మాట పూర్తి చెయ్యలేకపోయాడు.

"భయపడకురా," అన్నాడు కిటికీ పక్క కుర్చీలోంచి మాస్టారు.

ఈ మాస్టారి గురించి చెప్పాలి. ఎనిమిది మందినీ తయారుచేసింది ఈయనే. తొమ్మిదో వీధిలో పుస్తకాల బైండింగు షాపు ఆయన కవర్. ఆ షాపు వెనక గదిలోనే క్లాసు. తుపాకీ ఎలా పట్టుకోవాలో అందరూ నేర్పుతారు. ఈయన మాత్రం మొదటిరోజే మధ్యయుగాల నాటి క్రైస్తవ చిత్రాల ఆల్బం ఒకటి తెరిచి టేబులు మీద పడేశాడు.

"అప్పట్లో జనానికి అక్షరం ముక్క రాదు. చర్చి గోడ మీద బొమ్మే వాళ్ళకి పేపరు, రేడియో, పంచాంగం అన్నీ," అన్నాడు. "మొహాలు చూడకండి. మొహాలన్నీ ఒక్కలాగే వేస్తారు. చేతిలో ఏముందో చూడండి. ఇనప పెనం పట్టుకుంటే లారెన్సు, ఆయన్ని దాని మీద కాల్చి చంపారు. చక్రం పక్కన ఉంటే కేథరిన్. టవరు ఉంటే బార్బరా. తాళంచెవులు పీటరువి. ఊదే గొట్టాల పియానో సిసీలియాది. పటకారులో పన్ను పట్టుకుంటే అపొలోనియా. పళ్ళెంలో రెండు కళ్ళు పెట్టుకుని వడ్డించడానికి వస్తున్నట్టు ఉంటే లూసీ. మనిషి దాక్కుంటాడు. వస్తువు దాక్కోలేదు. గూఢచారికి ఇంతకన్నా పాఠం లేదు."

ఎవరి కవర్‌ని బట్టి వాళ్ళకి ఒక పునీతుణ్ణి, అంటే ఆ బొమ్మల్లోని సెయింటుని, అంటగట్టాడు. పళ్ళాయన మీసాలు మెలేసుకుని మరీ అపొలోనియా అయ్యాడు. చెల్లెలు లూసీ. చిటికెది చెదలమందు కొట్టేవాడి కవర్ కాబట్టి డ్రాగన్‌ని పొడిచే జార్జి. "నీది డ్రాగన్ కాదురా, చెదపురుగు," అని మాస్టారు ఆటపట్టించేవాడు. చిటికె తండ్రి పోయిన రోజు స్మశానం దాకా మోసిన నాలుగు భుజాల్లో ఒకటి మాస్టారిదే.

బాస్ మళ్ళీ దగ్గాడు. "మ్యూజియంలో పాత బొమ్మలు బాగుచేసే గది ఉంది. అక్కడ పనిచేసే ఆవిడ డబుల్ ఏజెంటు. కోడ్ నేమ్ నెమలి. అవతలి దేశం ముఠాకి పనిచేస్తుంది, మనకి కబుర్లు చేరేస్తుంది. స్టాండు మీద ఏడుగురు పునీతుల బొమ్మలున్న చెక్క పలక ఒకటి ఉందట. దాంట్లో ఏదో మెసేజ్ ఉందనీ, ఇవాళ పదకొండు గంటలకి హంతకుడు వచ్చి చదువుకుని వెళ్తాడనీ చెప్పింది."

"ఫోటో చూశాను," అన్నాడు మాస్టారు, పెన్సిలు చెక్కుకుంటూ. "తీర్థంలో అమ్మే సరుకులా ఉంది. అర్థం లేదు, పర్థం లేదు. ఆవిడే దొంగ. మనల్ని ఆ చెక్క చుట్టూ తిప్పుతోంది. సాయంత్రం అయిదింటిదాకా కనిపెట్టి పట్టుకో. నువ్వు చెక్కని చూడకు, ఆవిణ్ణి చూడు."

"మనిషిని చూడొద్దు, వస్తువుని చూడమని మీరేగా నేర్పారు మాస్టారూ?"

"అబ్బో, పాఠం నాకే అప్పజెపుతున్నాడు!" అని మాస్టారు నవ్వాడు. చిటికె కూడా నవ్వాడు. ఆ ఫోటో చూస్తే పాస్‌పోర్టు సైజు, నలుపు తెలుపు. తలలన్నీ మసి బొట్లు.

కింద స్టోర్సులో సామాన్ల బాబాయి చెదలమందు ట్యాంకు వీపుకి తగిలించాడు. "ఎడం గొట్టం చెదలకి. కుడి గొట్టం మనుషులకి. కుడిది నొక్కితే ఎదుటివాడు నిలబడ్డ పళాన నిద్రపోతాడు. నువ్వు ముక్కు మూసుకో." తరవాత ఓ లిప్‌స్టిక్కు చేతిలో పెట్టాడు.

"ఇదెందుకు బాబాయ్? నాకు పెళ్ళి కూడా కాలేదు."

"మూత తీస్తే ఊదా లైటు. పాత రంగు మెరుస్తుంది, దాని మీద వేసిన కొత్త రంగు నల్లగా కనబడుతుంది."

"టార్చిలా చెయ్యకపోయావా?"

"టార్చి అయితే ఇదేంటని అడుగుతారు. లిప్‌స్టిక్కయితే ఎవడూ అడగడు, నవ్వుకుంటాడంతే."

*

మ్యూజియంలో ఆ గదికి ఒకవైపు గోడంతా గాజే. అవతల జనం నిలబడి, లోపల బొమ్మలకి వైద్యం ఎలా చేస్తారో చూస్తారు. పదకొండింటిదాకా తెర వేసి ఉంటుంది. చిటికె లోపలికి అడుగుపెట్టేసరికి పదీ ఇరవై.

ఆవిడ స్టూలు మీద కూర్చుని గుడ్డు పగలగొట్టి, పచ్చసొనని అరచేతుల్లో అటూ ఇటూ దొర్లిస్తోంది. పొడుగు మెడ, పట్టు స్కార్ఫు, కనురెప్పల మీద బంగారు రేకు పొడి. ఒక చెవికే పచ్చరాయి ఉంది. రెండోది ఫోనుకి అడ్డమట. సెంటు వాసన, గుడ్డు వాసన కలిసి గదంతా ఓ వింత కంపు. అందగత్తె చేస్తే అదీ బాగానే ఉంటుంది.

"ఈ చెక్కకి వయసెంత మేడం?" అన్నాడు చిటికె. అది కోడ్.

"నా వయసు అడగనంటే చెప్తాను," అంది ఆవిడ. అదీ కోడే, కానీ మనస్ఫూర్తిగానే అన్నట్టుంది. "చెదలాయనా, తొందరగా చూడండి. నలభై నిమిషాలు కూడా లేవు."

పలక స్టాండు మీద ఉంది. బంగారు రంగు వెనకాల ఏడుగురు వరసగా, బస్సు కోసం నిలబడ్డట్టు. పెనం, చక్రం, టవరు, తాళంచెవులు, గొట్టాల పియానో, పన్ను, పళ్ళెంలో కళ్ళు.

చిటికె ఆ వరస మళ్ళీ మొదటినుంచి చూశాడు. ఇది తీర్థం సరుకు కాదు. బేకరీ, టైర్లు, రేడియో టవరు, తాళాలు, పియానో, పళ్ళు. చచ్చిపోయిన వరసలోనే నిలబడ్డారు.

వాళ్ళ కాళ్ళ కింద గడ్డిలో చిన్న చిన్న ఎర్ర పూలు. పెనం పట్టుకున్నాయన కింద మూడు. బేకరీ మూడో వీధిలో. చక్రం కింద అయిదు. టైర్ల షాపు అయిదో వీధిలో. చివర పళ్ళెం పట్టుకున్న అమ్మాయి కాళ్ళ కింద లెక్కపెట్టాడు. ఏడు.

వస్తువు చూస్తే వృత్తి, పూలు లెక్కపెడితే వీధి. చంపేవాడికి ఇంతకన్నా చీటీ అక్కర్లేదు.

"తల వెనక వెలుగు వలయాలు చూశారా?" అంది ఆవిడ వెనకనుంచి. "ఆరుగురివి గుండ్రం. ఏడోది చదరం. ఎవరో చదువుకోనివాడు గీశాడు. పాతకాలంలో చదరపు వలయం బతికున్న మనిషి బొమ్మకే వేస్తారు, చర్చి కట్టించిన పెద్దమనిషికో, అప్పటి పోపుగారికో. గుండ్రం స్వర్గానిది, చదరం నేలది. పునీతురాలు ఎప్పుడో పోయింది కదా, ఆవిడకి చదరం వెయ్యడం తప్పు."

చిటికె లిప్‌స్టిక్కు తీశాడు. ఆవిడ కనుబొమ్మలు ఎగరేసింది. మూత తీసి ఊదా లైటు ఆ ఆరు గుండ్రాల మీద వేశాడు.

ఒక్కో గుండ్రం కిందా నాలుగు మూలలు దయ్యాల్లా లేచాయి. మొదట అందరివీ చదరాలే. ఒక్కొక్కరు చచ్చాక ఎవరో వచ్చి మూలలు గీకి, కొత్త బంగారు రేకు అతికి, గుండ్రం చేశారు. అపొలోనియా గుండ్రం అంచున రేకు ఇంకా సరిగా అంటుకోనే లేదు.

తప్పు కాదు. హాజరు పట్టీ.

మాస్టారి క్లాసులో హాజరు అలాగే ఉండేది. పేర్లు రాస్తే ఎవడైనా చూస్తాడని, రిజిస్టరులో రోజూ ఎనిమిది చిన్న పునీతుల బొమ్మలు గీసేవాడు. వచ్చినవాడి తల వెనక చదరం, రానివాడి తల వెనక గుండ్రం. "బతికుండి నా క్లాసు ఎగ్గొట్టినవాడు నాకు పోయినవాడి కిందే లెక్క," అనేవాడు. అందరూ పడీపడీ నవ్వేవారు. ఆఖరిరోజు ఆ రిజిస్టరుని వాళ్ళ కళ్ళ ముందే జిగురు పొయ్యిలో కాల్చేశాడు. ఆ లెక్క తెలిసినవాళ్ళు తొమ్మిది మందే. అందులో ఆరుగురు మట్టిలో ఉన్నారు. ఏడో మనిషి ఈ చెక్క మీద కళ్ళు వడ్డిస్తూ నిలబడింది. ఎనిమిదో మనిషి లిప్‌స్టిక్కు పట్టుకుని ఇక్కడ ఉన్నాడు.

చిటికె ఇంకో దారి వెతికాడు. ఎవరైనా మాస్టారిని కొట్టి చెప్పించారేమో. ఎవరైనా కిటికీలోంచి చూశారేమో. మనిషి మునిగేటప్పుడు గడ్డిపోచలు బాగానే కనిపిస్తాయి.

"ఈ గది తాళంచెవులు ఎవరి దగ్గరుంటాయి?"

"నా దగ్గర, డైరెక్టరు దగ్గర, ఆదివారాలు వచ్చే సలహాదారు దగ్గర."

"సలహాదారు ఎవరు?"

"తెలీనట్టు అడుగుతారేంటండీ? మీ ఆఫీసే పంపిందిగా. ఆ బైండింగు మాస్టారు." ఆవిడ గొంతు తగ్గించింది. "ప్రతిసారీ సోమవారం వచ్చేసరికి చెక్క మీద రంగు తడిగా ఉంటుంది. నేను అనుమానించాను. కానీ మీవాళ్ళకి ఆయన దేవుడు. నేను నెమలిని. ఎవరి మాట నమ్ముతారు?"

చిటికెకి తండ్రి పోయిన రోజు గుర్తొచ్చింది. ఆ రోజు మాస్టారు భుజం మార్చుకోకుండా చివరిదాకా మోశాడు. చిటికె లిప్‌స్టిక్కు మూత పెట్టి జేబులో వేసుకున్నాడు.

బాస్‌కి రేడియోలో చెబుదామంటే, ఆయన గదిలో కుర్చీ వేసుకుని వింటున్నది మాస్టారే. చెల్లెలికి ఫోను చేద్దామంటే, ఏజెంట్ల ఫోన్లన్నీ వెళ్ళేది మాస్టారి ఎక్స్‌ఛేంజి గుండా. పరిగెత్తుకెళ్ళి లాక్కొచ్చేస్తే? ఇవాళ తప్పుతుంది. హంతకుడెవడో తెలీదు, రేపు ఇంకో బొమ్మ చూసుకుని వస్తాడు.

"ఆ చదరాన్ని గుండ్రం చేసేద్దామా?" అంది ఆవిడ. "పని అయిపోయిందనుకుంటాడు."

"చంపాల్సింది వాడే. తను చంపలేదని వాడికి తెలీదా?"

"నిజమే. అందంగా ఉన్నాను గానీ హత్యల్లో అనుభవం తక్కువ."

చిటికె గడియారం చూశాడు. పదీ నలభై ఎనిమిది. "మేడం, ఈ గుడ్డు రంగు ఎంతసేపట్లో ఆరుతుంది?"

"రెండు మూడు నిమిషాలు."

"పళ్ళెం మీద ఒక పుస్తకం వెయ్యగలరా?"

ఆవిడ అతని మొహంలోకి చూసింది. అర్థమైంది. పుస్తకం అంటే ఏ షాపో, ఏ వీధో ఆవిడకీ తెలుసు. "రెండు పక్కలా ఉద్యోగం చేస్తున్నాను. ఏదో ఒక పక్క నమ్మకంగా ఉందామని ఇవాళే మొదటిసారి అనిపిస్తోంది. అలవాటు చెయ్యకండి," అని కుంచె తీసింది.

ఆరు నిమిషాల్లో లూసీ చేతిలో కళ్ళు మాయమై, ఎర్ర తోలు అట్ట పుస్తకం వచ్చింది. ఏడు పూలకి ఇంకో రెండు చేర్చే పని చిటికె తీసుకున్నాడు. అవి పూలలా లేవు, నలిగిన నల్లుల్లా ఉన్నాయి. అయినా లెక్కకి తొమ్మిదే.

తెర లేచింది. గాజు అవతల మొహాలు. స్కూలు పిల్లలు, ముసలి దంపతులు, నోట్సు రాసుకునే కుర్రాళ్ళు, మఫ్లరు కట్టుకున్న ఒక బట్టతలాయన, ఐస్‌క్రీము పట్టుకుని గార్డు చేత తిట్లు తింటున్న ఒకావిడ. వీళ్ళలో ఒకడు చంపేవాడు. ఎవరు? మొహాలన్నీ ఒక్కలాగే ఉన్నాయి.

చిటికె మ్యూజియం ఫోనులోంచి ఆఫీసుకి చేసి మాస్టారిని పిలిపించాడు.

"మాస్టారూ, నెమలి నోరు విప్పింది. ఇక్కడ చెప్పే మాట కాదు. మీ షాపుకి వస్తారా?"

"బాస్‌కి చెప్పావా?"

"మీకు చెప్పకుండా ఎవరికి చెప్పాను ఎప్పుడైనా?"

"వస్తున్నానురా నాన్నా."

ఆ 'నాన్నా' అన్న మాటకి చిటికె ఫోను పెట్టేసి ఓ నిమిషం గోడకి ఆనుకున్నాడు. తరవాత బాస్ లైనుకి మళ్ళీ చేశాడు. మాస్టారు కుర్చీ ఖాళీ చేసి మెట్లు దిగిపోయుంటాడు కదా, ఇప్పుడు చెప్పొచ్చు. రెండే ముక్కలు చెప్పాడు. అవతల దగ్గు కూడా వినపడలేదు.

*

బైండింగు షాపులో జిగురు వాసన, తోలు వాసన, కుట్టు దారాల ఉండలు. పుస్తకాలు బిగించే ఇనప ప్రెస్సు మధ్యలో. మాస్టారు వచ్చి కోటు కొక్కేనికి తగిలించి, అలవాటుగా స్టవ్వు మీద జిగురు గిన్నె పెట్టాడు.

"చెప్పరా. ఏమంది ఆ దెయ్యం?"

"ఏమీ అనలేదు మాస్టారూ. చెక్కని చూశాను."

"చూడొద్దన్నానుగా."

"లైటు వేసి చూశాను. ఆరు గుండ్రాల కిందా చదరాలు."

మాస్టారు జిగురు కలుపుతూనే ఉన్నాడు. చెంచా నాలుగు చుట్లు తిరిగి ఆగింది. అబద్ధం ఆడతాడేమోనని చిటికె ఎదురుచూశాడు. ఆడితే బాగుండుననీ అనుకున్నాడు.

ఆడలేదు. సొరుగు తెరిచి, రెండు చేతులా పట్టుకుని ఒక కాగితాల దొంతర తీసి బల్ల మీద పెట్టాడు. ఇటుక మీద ఇటుక పెట్టినంత మందం.

"ఎనిమిదొందల పేజీలు. ముప్ఫై ఏళ్ళు రాశాను. ఏ పువ్వుకి ఏ అర్థం, ఏ పక్షి ఎందుకు వాలింది, నీలం కొంగు ఎవరికి, పసుపు అంగీ ఎవరికి. ఇక్కడ ఎన్ని గుమ్మాలు ఎక్కానో తెలుసా? బైండింగువాడికి కళలెందుకన్నారు. వాళ్ళు చదివార్రా. అవతలివాళ్ళు. మొత్తం చదివారు. వాళ్ళ అకాడెమీ అచ్చు వేస్తామంది. రంగుల బొమ్మలతో."

"ఆరుగురు పోయారు మాస్టారూ." చిటికె గొంతు పిల్లాడి గొంతులా వచ్చింది. "రంగుల బొమ్మల కోసమా?"

"మొదట ఒక్కడి పేరే అడిగారు. తరవాత దిగలేకపోయాను." మాస్టారు చేతులు చొక్కాకి తుడుచుకున్నాడు. "నీ బొమ్మ గీయలేదురా. ఎంత అడిగినా జార్జి బొమ్మ గీయలేదు. చెయ్యి రాలేదు."

"చెల్లెలి బొమ్మకి వచ్చిందా?"

మాస్టారు కాగితాల దొంతర అంచులు సర్దాడు.

"మీ చేతి అన్నం తిని పెరిగిన పిల్ల. మిమ్మల్ని చూస్తే మా నాన్న లేడన్న సంగతే మర్చిపోయేది. దాని బొమ్మకి చెయ్యి వచ్చిందా?"

"మూడు నెలలు ఆపాను," అన్నాడు మాస్టారు, అదేదో గొప్ప ఉపకారంలా.

చిటికె లేచి నిలబడ్డాడు. "ఇప్పుడు ఆ చెక్క మీద పళ్ళెం లేదు మాస్టారూ. పుస్తకం ఉంది. పూలు తొమ్మిది. చదరం మాత్రం మీరు గీసిందే, అది ముట్టుకోలేదు."

మాస్టారి మొహం బొమ్మ వెయ్యని సుద్ద పలకలా అయిపోయింది. తలుపు వైపు చూశాడు, వెనక తలుపు వైపు చూశాడు.

"మీరెవరో ఆ చంపేవాడికి తెలీదుగా?"

"తెలీదు. చెక్క ఒక్కటే చదువుతాడు," అన్నాడు మాస్టారు. "నన్ను వదిలేసి వెళ్ళకురా."

ముందు తలుపు గంట మోగింది. చిటికె వెనక గది తెర చాటుకి జారాడు.

వచ్చింది మఫ్లరు కట్టుకున్న బట్టతలాయన. చంకలో చిరిగిన డిక్షనరీ. "బైండింగు చేసేది మీరేనా అండీ?" ఎంత మర్యాదో!

"నేనే," అన్నాడు మాస్టారు. ఇంకేమనగలడు?

"వెన్ను ఊడిపోయింది, చూడండి." బట్టతలాయన డిక్షనరీ బల్ల మీద పెట్టి, చేతిలో పెన్ను మూత తిప్పడం మొదలుపెట్టాడు. ఊరికే, ఏదో రాయబోతున్నట్టు. మాస్టారు అతని మొహం చూడలేదు. చేతినే చూస్తున్నాడు. మూత ఊడింది. పాళీ ఉండాల్సిన చోట సూది.

ఆ ఒక్క క్షణంలో చిటికె కదల్లేదు. దాచుకోవడం ఎందుకు, కదలబుద్ధి కాలేదు. ఆరుగురు కళ్ళ ముందు నిలబడ్డారు. పళ్ళాయన తెరిచిన నోరు కనిపించింది. అలా ఇంకో రెండు సెకన్లు తెర వెనకే నిలబడితే చాలు, ఎవరూ ఏమీ అడగరు.

సూది మాస్టారి మెడ మీదకి లేచింది.

చిటికె తెర చింపుకుని దూకాడు. ముక్కు మూసుకున్నాడు. గొట్టం నొక్కాడు. ఎడంది నొక్కాడు.

చెదలమందు బుస్సున బట్టతలాయన కళ్ళలో పడింది. నిద్రపోలేదు సరికదా, పొలికేకలు పెడుతూ సూది గాలిలో నాలుగు పక్కలా పొడవడం మొదలుపెట్టాడు. ఒక పోటు చిటికె చొక్కా చేతిని చింపుకుంటూ పోయింది. కుడి గొట్టం ఏదో వెతుక్కునే టైము లేదు. చేతికి అందింది అందుకుని, రెండు చేతులా ఎత్తి, ఆ బట్టతల మీద వేశాడు.

ఎనిమిదొందల పేజీలు. బట్టతలాయన నడ్డి విరిగిన బల్లిలా కింద పడ్డాడు. ఆ పుస్తకం వల్ల లోకానికి జరిగిన మొదటి మేలు అది.

బాస్ మనుషులు తలుపు విరగ్గొట్టుకుని వచ్చారు, తలుపు తీసే ఉన్నా. మాస్టారు ప్రెస్సు పక్కన చతికిలబడి ఉన్నాడు. చేతులకి బేడీలు వేస్తుంటే చిటికె వైపు చూశాడు. క్షమించరా అంటాడేమో అనుకున్నాడు చిటికె.

"ఆ కాగితాలు జాగ్రత్తరా," అన్నాడు మాస్టారు. "పేజీ నంబర్లు కలిసిపోతాయి."

*

సాయంత్రం ఎండ ఇంకా ఉండగానే ఏడో వీధి కళ్ళజోళ్ళ షాపు ముందు బల్ల మీద అన్నాచెల్లెళ్ళిద్దరూ కూర్చున్నారు. ఆ అమ్మాయి కవర్ తీసేశారు. మెడలో షాపు గుర్తింపు కార్డు మాత్రం ఇంకా వేలాడుతోంది. చిటికె అంతా చెప్పాడు. మధ్యలో రెండు సార్లు ఆగాడు. ఆమె ఒక్కసారి కూడా ఆపలేదు. ఆమె కళ్ళజోడు తీసి తుడిచింది, పెట్టుకుంది, మళ్ళీ తీసి తుడిచింది. అది పవర్ లేని ఉత్త గాజు.

కళ్ళజోడు చేతిలోనే ఉంచుకుని అడిగింది.

"అన్నయ్యా, నా బొమ్మ గీసినప్పుడు మాస్టారి చెయ్యి వణికిందా?"

ఆ చదరం స్కేలు పెట్టి గీసినంత తిన్నగా ఉంది. నాలుగు మూలలూ నాలుగు ముత్యాల్లా ఉన్నాయి. అంత నికార్సైన గీత చిటికె ఆ చెక్క మీద ఇంకోటి చూడలేదు.

"వణికిందే," అన్నాడు. "బాగా వంకరగా వచ్చింది పాపం."

చెల్లెలు కళ్ళజోడు పెట్టుకుని అతని మొహం కాదు, చేతుల వైపు చూసింది.

"నువ్వు అబద్ధం ఆడితే బొటనవేలు పిడికిట్లో దాచుకుంటావు," అంది మెల్లగా. అని ఆ పిడికిలి విప్పి, తన చేతిలో పెట్టుకుని, అప్పుడు ఏడిచింది.

అబద్ధం ఆడటం ఇద్దరికీ నేర్పింది మాస్టారే, పట్టుకోవడం నేర్పిందీ మాస్టారే. ఇద్దరిలో క్లాసు శ్రద్ధగా విన్నది ఎవరో చిటికెకి ఆ రోజు తేలిపోయింది.